కీసరక్క

ఆమె పోయిందని యాదమ్మ ఫోన్ చేసి చెప్పింది. అప్పుడు నేను యాప్రాల్‌లో మా వీధి చివర కూరగాయల బండి దగ్గర ఉన్నాను.

“టీచర్, మన కీసరక్క పోయింది. పొద్దుగాల స్నానాల కాడ జారి పడ్డది. దవాఖానకు తీస్కపోయిన్రు. ఆడనే అయిపోయింది.”

“గోడకు కడ్డీ ఉంది కదా, పట్టుకోవడానికి?”

“కడ్డీ ఉన్నది. చెయ్యి ఖాళీ ఉంటె గదా టీచర్ పట్టుకునేది.”

బండి అతను బెండకాయలు తూచి ఇస్తే తీసుకుని ఇంటికి వచ్చాను.

యాదమ్మ ఆయా. శామీర్‌పేట దాటాక, వెంచర్ల బోర్డుల మధ్య నుంచి లోపలికి పోయే రోడ్డు చివర ఒక ప్రభుత్వ హోమ్ ఉంది. బుద్ధి ఎదగనివాళ్ళు, కాళ్ళూ చేతులూ స్వాధీనంలో లేనివాళ్ళు, అడిగే మనిషి లేని ఆడవాళ్ళు అక్కడ ఉంటారు. యాదమ్మ చాలా కాలంగా అక్కడే పని చేస్తోంది. నేను కొన్నేళ్ళు అక్కడ కుట్టుపని నేర్పాను. మిషన్ తొక్కగలిగిన కొందరు అమ్మాయిలు నా దగ్గర కూర్చునేవారు. కీసరక్క వాళ్ళలో లేదు. కుట్టు గది గుమ్మం దగ్గర గోడకు ఆనుకుని నిలబడి చూసేది.

కీసరక్క ఆమె పేరు కాదు. పేరు ఎవరికీ తెలియదు. ఎప్పుడో మేడ్చల్ బస్టాండులో దొరికినప్పుడు పోలీసులు “ఏ ఊరమ్మా?” అని అడిగితే “కీస” అందట. ఆమెకు మాట సగమే వచ్చేది. మాట చివర నోట్లోనే ఉండిపోయిందని వాళ్ళు అనుకున్నారు. కీసర పక్కనే ఉంది కాబట్టి మిగిలిన అక్షరం వాళ్ళే కలిపారు. అప్పటినుంచి ఆమె కీసర మనిషి.

యాభై దాటి ఉంటుంది. ఎడమ చెయ్యి మోచేతి దగ్గర మడుచుకుని ఛాతీకి అంటుకుని ఉండేది. ఎడమ కాలు ఈడ్చేది. పనికి వచ్చేది కుడి చెయ్యి ఒక్కటే. ఆ చెయ్యి ఎప్పుడూ పిడికిలి కట్టి ఉండేది, ఎందుకంటే అందులో ఆమె వస్తువులు ఉండేవి. చింతగింజ, పగిలిన గాజుముక్క, మాత్రలు అయిపోయిన అట్ట, సీసా మూత. రోజులు గడిచేకొద్దీ వస్తువులు మారేవి గాని చెయ్యి తెరుచుకునేది కాదు. అందుకని అన్నం యాదమ్మ కలిపి పెట్టేది. నడిచేటప్పుడు గోడను పట్టుకోలేక మోచేత్తో రాసుకుంటూ నడిచేది. ఆ మోచెయ్యి కాయ కట్టి నల్లగా ఉండేది.

తెలియనివాళ్ళకు ఇది మొండితనంలా కనిపిస్తుంది. కాని హోమ్‌లో ఎవరికీ పెట్టె ఉండదు. మంచం కింద ఏమీ ఉంచకూడదు, ఊడ్చేస్తారు. తలగడ కింద పెడితే సాయంత్రం దుప్పట్లు దులిపినప్పుడు పోతుంది. బట్టలు కూడా ఎవరివీ కావు. టెండరులో వచ్చిన నైటీలు అన్నీ ఒక్కలాంటివే. ఉతికినవన్నీ ఒక కుప్పగా పోస్తారు. పొద్దున స్నానాలయ్యాక ఆయాలు ఆ కుప్పలోంచి పొడుగు పొట్టి చూసి తలా ఒకటి తొడుగుతారు. ఇవాళ ఒకరు వేసుకున్నది రేపు ఇంకొకరి ఒంటి మీద ఉంటుంది. కీసరక్క నైటీ తొడిగించుకునే ముందు దానికి ముక్కు ఆనించి వాసన చూసేది. నిన్న ఎవరు వేసుకున్నారో తెలిసేదేమో. తెలిసినా చేసేదేమీ లేదు.

ఆమెకు వచ్చిన మాటలు మూడు. “వద్దు”, “ఇగ”, “కీస”. ఇగ అంటే పెట్టు అనీ, చాలు అనీ, పోదాం అనీ అర్థం. వాన వెలిసినా ఇగ, కరెంటు వచ్చినా ఇగ. కీస అన్నప్పుడల్లా ఆయాలు “ఆ, తెలుసు, కీసరనే” అనేవారు. ఇంటి మీద బెంగ అనుకునేవారు. నేనూ అదే అనుకున్నాను.

ఆమె మీద ఒక చెడ్డపేరు ఉండేది. మగవాళ్ళు కనిపిస్తే వాళ్ళ దగ్గరికి పోతుందని. వాచ్‌మన్, అంబులెన్స్ డ్రైవర్, కరెంటు పనికి వచ్చేవాళ్ళు, ఎవరైనా సరే, గోడ వదిలేసి కాలు ఈడ్చుకుంటూ వెళ్ళి వాళ్ళ చొక్కాకు పిడికిలి ఆనించేది. పక్కన, నడుం దగ్గర తడిమేది.

“మొగోళ్ళను జూస్తె సాలు, కీసరక్క మొకం ఎలుగుతది,” అని ఆయాలు నవ్వేవారు. “ఏమే అక్కా, కరెంటాయన నచ్చిండా? లగ్గం వెట్టుకుందామా?”

కరెంటాయన సిగ్గుపడి నిచ్చెన ఎక్కేసేవాడు. కొన్నాళ్ళకు ఒకాయన ఫిర్యాదు చేశాడు. అప్పటినుంచి మగవాళ్ళు పనికి వచ్చిన రోజు ఆమెను హాల్లో ఉంచి బయట గడియ పెట్టేవారు. లోపలినుంచి “ఇగ, ఇగ” అని వినిపించేది. అరుపు కాదు. అడిగినట్టు ఉండేది.

ఒక ఏడాది, ఊళ్ళు తెలిసినవాళ్ళను ఇళ్ళకు చేర్చమని పైనుంచి ఆదేశం వచ్చింది. కీసరక్కకు ఊరు ఉంది కాబట్టి ఆమెను వ్యాన్‌లో కీసర తీసుకెళ్ళారు. సూపరింటెండెంట్ మేడం, యాదమ్మ, ఎక్కించి దించడానికి సాయంగా నేను. గుట్ట కింద, బస్సులు ఆగే చోట, కొత్తగా గీసిన ప్లాట్ల పక్కన, అన్నిచోట్లా ఆపి అడిగాం. జనం మూగేవారు. “ఎవలోల్లమ్మా?” అని వాళ్ళే మమ్మల్ని అడిగేవారు. ఆమె దేన్నీ గుర్తుపట్టలేదు. కిటికీలోంచి బయటికి చూడను కూడా లేదు.

టీ కొట్టు దగ్గర దింపాం. టీ పోస్తున్నతన్ని చూడగానే ఆమె కదిలింది. దగ్గరికి పోయి అతని చొక్కాకు పిడికిలి ఆనించింది.

“గుర్తువట్టింది మేడం, గుర్తువట్టింది,” అన్నాడు మా డ్రైవర్.

టీ కొట్టతనికి చెమటలు పట్టాయి. “అగో, నాకేం తెల్వదు. నేను గీ ఊరోన్నే గాదు. మాది సిద్దిపేట దిక్కు. మొన్ననే వచ్చిన.”

“మొన్న వస్తేంది, పాత సుట్టరికం ఉండొచ్చు గదరా,” అంది బెంచీ మీది ముసలామె. అందరూ నవ్వారు. ఈ గొడవలో పాలు పొంగి స్టవ్ ఆరిపోయింది. అతను ఆమె పిడికిలిని పక్కకు నెట్టలేక నా వైపు చూశాడు. యాదమ్మ పట్టుకుని లాక్కొచ్చింది.

తిరిగి వచ్చేటప్పుడు వ్యాన్‌లో యాదమ్మ అడిగింది. “నీ ఊరు నీకు యాదికి లేదా అక్కా?”

“కీస,” అంది ఆమె.

“ఆ, గదే. కీసరకే పోయొచ్చినం.”

ఆ తర్వాత కొంత కాలానికి ఒక ముసలాయన వచ్చాడు. కీసర దగ్గరి పల్లెలో కౌలుకు చేసే ముస్లిం రైతు. చిన్నతనంలో తప్పిపోయిన చెల్లెలు ఉందట. ఎవరో ఫోన్‌లో కీసరక్క ఫోటో చూపించి, మీ దిక్కు మనిషేనంట, పోయి చూడు అన్నారు. మధ్యాహ్నం ఎండలో బస్సులు మారి వచ్చాడు. కుట్టు గది ముందు వరండాలో బెంచీ మీద కూర్చోబెట్టారు. తెల్ల లాల్చీ, భుజాన తువ్వాలు. కీసరక్కను తీసుకొస్తుంటే లేచి నిలబడ్డాడు.

ఆమె మామూలుగానే అతని మీదికి పోయింది. యాదమ్మ వెనక్కి లాగింది. “మొగాయన మీద పడకే అక్కా. పరువు తియ్యకు.”

“రానియ్యమ్మా,” అన్నాడాయన. “పాపం, రానియ్యి.”

ఆమె ఆయన పక్కన నిలబడి లాల్చీ పక్కభాగం తడిమింది. అక్కడ జేబు ఉంది. పిడికిలి దాని నోట్లో పెట్టి తెరిచింది. చేతిలోని సీసా మూత లోపల పడింది. చెయ్యి మాత్రం బయటికి తీయలేదు. ఆమె తనంతట తాను ఆ చెయ్యి తెరవడం నేను అదే మొదటిసారి చూడటం.

ఆయన నొచ్చుకున్నట్టు అన్నాడు. “కీసల ఏం లేదు బేటీ. బస్సు టికెట్ తప్ప ఏం లేదు.”

“కీస,” అంది ఆమె.

“ఆ, కీస. నా కీసనే.”

ఆమె నవ్వింది. గొంతులో ఏదో కదిలినట్టు చిన్న చప్పుడు, భుజాలు ఊగాయి. మళ్ళీ “కీస” అంది. ఆయన మళ్ళీ “ఆ” అన్నాడు. యాదమ్మ నా వైపు చూసింది. మొహంలో నవ్వు లేదు.

“టీచర్,” అంది. “కీసనంట.”

“కీస అంటే ఏమిటి?”

“జేబు టీచర్. మేం కీసంటం.”

మా ఇంట్లో జేబు అనేవాళ్ళం. నాకు ఆ మాట తెలియదు. కాని ఆ హోమ్‌లో మిగతా అందరికీ పుట్టినప్పటినుంచీ తెలుసు. రోజూ వాడే మాట. ఆమెను పట్టుకున్న పోలీసులకూ తెలిసే ఉంటుంది. అడిగింది ఊరు గురించి కాబట్టి, వాళ్ళకు ఊరే వినబడింది. ఆ తర్వాత ఎవరూ మళ్ళీ వినలేదు.

చీర కట్టుకున్న ఆయాలకు జేబులు లేవు. హోమ్ నైటీలకు లేవు. ఆ గేటులోకి జేబుతో వచ్చేది మగవాళ్ళే.

“గందుకా మొగోళ్ళ మీదికి పోయేది,” అంది యాదమ్మ మెల్లగా.

ముసలాయన ఆమె మొహాన్ని చాలాసేపు చూశాడు. చెవులు చూశాడు. తర్వాత బెంచీ మీద కూర్చున్నాడు. “మా చెల్లె గాదు. దానికి రెండు చేతులు మంచిగుండె,” అన్నాడు. యాదమ్మ ఆమె చెయ్యి జేబులోంచి తీయబోతే వద్దన్నాడు.

“ఉండనియ్యమ్మా. కీసల చెయ్యేగా పెట్టింది.”

అలా ఇద్దరూ బెంచీ మీద కూర్చున్నారు. ఆయన బస్సు పోయింది. ఆ తర్వాతి బస్సుకు లేచాడు. జేబులోంచి సీసా మూత తీసి ఆమె చేతిలో పెట్టి “పోయొస్త బేటీ” అన్నాడు. ఆమె మళ్ళీ పిడికిలి కట్టింది.

ఆ రోజే ఒక నైటీకి జేబు కుట్టాను. తెలిసేలా మెడ దగ్గర ఎర్రదారంతో గుర్తు పెట్టాను. యాదమ్మ డ్యూటీలో ఉన్నన్ని రోజులు ఉతికిన కుప్పలో దాన్ని వెతికి ఆమెకు తొడిగింది. డ్యూటీ మారగానే అది ఇంకొకామె ఒంటి మీదికి పోయింది. ఆ ఇంకొకామె లావుగా, నెమ్మదిగా ఉండేది. కీసరక్క పగలంతా ఆమె వెంటే, ఆమె జేబులో చెయ్యి పెట్టి తిరిగింది. ఆమె పోయిన చోటికల్లా పోయింది. “తియ్యే, తియ్యే, సక్కిలిగిలి అయితాంది” అని ఆమె మొత్తుకుంది.

నాకు తోచింది ఒకటే. సూపరింటెండెంట్ మేడం దగ్గరికి వెళ్ళి అన్ని నైటీలకూ జేబులు కుడతామని అడిగాను.

“అందరికీనా?” అందామె.

“అందరికీ ఉంటే ఆమెకూ ఉంటుంది మేడం.”

ఆమె సరే అంది. మేడ్చల్‌లో కట్‌పీసులు కొన్నాను. చతురస్రంగా కత్తిరించి, అంచు మడిచి, మూడు పక్కలా కుట్టడం. నా అమ్మాయిలకు అంతకంటే మంచి పాఠం దొరకదు. నీలం నైటీకి పసుపు జేబు, బూడిదరంగు దానికి పూలది. కొన్ని వంకరగా వచ్చాయి. ఎవరూ పట్టించుకోలేదు. చివరి నైటీ అయ్యేసరికి వాళ్ళు నన్ను అడగడం మానేసి వాళ్ళే కుట్టసాగారు.

ఆ కొన్ని నెలలు హాలు చూడవలసిందే. ఆడవాళ్ళంతా జేబుల్లో చేతులు పెట్టుకుని అటూ ఇటూ నడిచారు. పని లేకపోయినా నడిచారు. వాచ్‌మన్ గుమ్మంలోంచి తొంగిచూసి “ఏంది, అందరు తహసీల్దార్లయిన్రా?” అన్నాడు. కీసరక్క అతని వైపు తిరిగి కూడా చూడలేదు. యాదమ్మ అతన్ని ఆటపట్టించింది. “నిన్ను ఇడిసిపెట్టింది పో. నీ కీసతోని ఇగ ఆమెకు పని లేదు.”

మొదటి రోజు ఆమె చేతిలోవన్నీ జేబులో వేసి అరచెయ్యి తెరిచి చూసుకుంది. లోపలి చర్మం తెల్లగా, చాలాసేపు నీళ్ళలో నానినట్టు ముడతలు పడి ఉంది. గోళ్ళు గుచ్చుకున్న గుర్తులు ఉన్నాయి. ఆ చేత్తో గోడను తాకింది. అరచెయ్యి పూర్తిగా ఆనించి, దాని మీద బరువు వేసి నడిచింది. భోజనాల దగ్గర యాదమ్మ అన్నం కలిపి ముద్ద ఎత్తితే “వద్దు” అని పళ్ళెం తన వైపు లాక్కుంది. సగం నైటీ మీద పడింది. మిగతా సగం తింది.

“ఇగ నాతోని ఏం పని లేదా అక్కా?” అని యాదమ్మ మూతి ముడిచింది. ఆ సాయంత్రం నేను వెళ్ళేటప్పుడు వరండాలో నిలబడి కళ్ళు తుడుచుకుంటోంది.

బట్టలు మారేవి, జేబు రంగు మారేది, వస్తువులు పాత జేబులో వాషింగ్ మెషిన్‌కు పోయేవి. అది ఆమెకు పెద్ద బాధగా కనిపించలేదు. కొత్తవి ఏరుకునేది. పెట్టుకోవడానికి చోటు ఉంటే చాలనిపించింది.

తర్వాత ఒక పొద్దున, ఫిట్స్ ఉన్న ఒక అమ్మాయి హాల్లో పడిపోయింది. చాలాసేపు తేరుకోలేదు. దవాఖానకు తీసుకెళ్ళడానికి ఎత్తుతుంటే ఆమె జేబులోంచి మాత్రలు పడ్డాయి. ఆయాలు నోట్లో వేసిన మాత్రలను ఆ అమ్మాయి నాలుక కింద ఉంచుకుని, వాళ్ళు అటు తిరగగానే జేబులో వేసుకుంటోంది. ఎన్నాళ్ళనుంచో. అందరి జేబులూ చూశారు. ఇంకొందరి దగ్గరా దొరికాయి. మాత్రలే కాదు, ఎండిన అన్నం, చీమలు, సబ్బుముక్కలు. అన్నం మెతుకులతో వాషింగ్ మెషిన్ అప్పటికే ఒకసారి ఆగిపోయింది.

అమ్మాయి బతికింది. సూపరింటెండెంట్ మేడం నన్ను పిలిచింది. ఆమె రాత్రంతా దవాఖానలో ఉండి వచ్చినట్టుంది, జుట్టు దువ్వుకోలేదు.

“నేనేం జెయ్యాలె, మీరే చెప్పండి,” అంది.

“కీసరక్క ఒక్కదానికి ఉంచుదాం మేడం.”

“బట్టలు ఎవరివి ఎవరికి పోతాయో మీకు తెలవదా? పొద్దున ఇద్దరే ఆయాలు. తడిసి చలికి వణుకుకుంట నిలబడ్డ ఆడవాళ్ళు. ఎర్రదారం ఏ కుప్పల ఉందో ఎవరు వెతకాలె? రేపు ఆ ఒక్క జేబుల ఇంకొకరు మందులు పెడితే?”

ఆమె చెప్పినదాంట్లో తప్పు లేదు. జేబులు కావాలనడంలోనూ తప్పు లేదు. తప్పు ఎవరిదైనా అయి ఉంటే ఆ గదిలో ఇంకో మాట అనగలిగేదాన్ని.

జేబులు విప్పే పని కుట్టు గదికే వచ్చింది. అమ్మాయిలకు బ్లేడ్లు ఇవ్వకూడదు. సూది మొనతో ఒక్కో కుట్టు ఎత్తి, దారం లాగడం నేర్పాను. అది కూడా పనిలో భాగమే. నేర్చుకోవలసిందే. అందరిలోకీ చురుకైన అమ్మాయి పూల జేబు ఒకటి విప్పుతూ ఆగింది.

“టీచర్, మంచిగనే కుట్టినం గదా?”

“చాలా బాగా కుట్టారు.”

“మరెందుకు ఇప్పుతున్నం?”

“కొందరు మందులు దాచుకుంటున్నారు. అందుకు.”

“నేను మింగుతనే,” అంది ఆ అమ్మాయి. నా వైపే చూస్తూ కూర్చుంది. నేను తల వంచుకుని నా చేతిలోని దారం లాగాను.

కీసరక్క గుమ్మం దగ్గర గోడకు ఆనుకుని ఇదంతా చూసింది. మాలో ఎవరినీ ఆపలేదు. ఏం చేస్తున్నామో ఆమెకు అర్థమైందో లేదో నాకు తెలియదు. మర్నాటినుంచి మళ్ళీ యాదమ్మ ముద్దలు పెట్టింది. ఆ సంవత్సరం తర్వాత నా కాంట్రాక్టు పొడిగించలేదు.

చివరిసారి ఆమెను చూసింది వేరేవాళ్ళ పుట్టినరోజు నాడు. దగ్గరి విల్లాల వాళ్ళెవరో తమ పాప పుట్టినరోజుకు కేకు, పల్లీలు తెచ్చి హోమ్‌లో పంచారు. ఫోటోలు తీసుకుని వెళ్ళిపోయారు. యాదమ్మను చూడటానికి వెళ్ళిన నేను వరండాలో కూర్చున్నాను. కీసరక్క వచ్చి నా పక్కన నిలబడింది. ఆ రోజు ఆమె ఒంటి మీద ఉన్నది మేము జేబు విప్పిన నీలం నైటీ. ఉతికి ఉతికి అంతా వెలిసిపోయింది, జేబు ఉన్న చోటు మాత్రం చతురస్రంగా, కొత్త నీలంగా ఉంది. చుట్టూ సూది రంధ్రాలు.

ఆమె పిడికిలి తెరిచి ఒక పల్లీ గింజను ఆ నీలం మీద పెట్టింది. అది జారి నేల మీద పడింది. ఆమె వంగలేదు. నేను తీసి చేతిలో పెట్టాను. మళ్ళీ అక్కడే, ఈసారి కొంచెం పైనుంచి, జేబు నోరు ఉండే చోట పెట్టింది. పడింది. తీసి ఇచ్చాను. కోపం లేదు, తొందర లేదు. సరిగా పెట్టడం తనకు చాతకావడం లేదని అనుకుంటున్నట్టుగా ప్రతిసారీ ఇంకొంచెం జాగ్రత్తగా పెట్టింది.

నా బస్సు వేళయ్యేదాకా అది పడుతూనే ఉంది, నేను తీసి ఇస్తూనే ఉన్నాను.